ఇరవై ఏళ్ళ అప్పు, ఆరేళ్ళ తర్వాత

నాకు లైసెన్సు వచ్చి చాలా ఏళ్ళయినా కారు బయటికి తీసే ధైర్యం రాలేదు. మా కారు గేటు పక్కన దుమ్ము కొట్టుకుపోతూ ఉండేది. నాలాంటివాళ్ళకి వాళ్ళ సొంత కారులోనే పక్కన కూర్చుని నేర్పే ఆవిడ ఒకరున్నారని మా పక్కింటామె చెప్పింది. ఆవిణ్ణి అందరూ బ్రేకక్క అంటారు. డ్రైవింగు స్కూలు కార్లలో నేర్పేవాళ్ళ కాలి కింద కూడా ఒక బ్రేకు ఉంటుంది. పద్దెనిమిదేళ్ళు ఆ బ్రేకు తొక్కిన మనిషి కాబట్టి ఆ పేరు.

ఆవిడ కథ నాకు ఎర్రదీపాల దగ్గర కారు ఆగినప్పుడల్లా ముక్కలు ముక్కలుగా తెలిసింది. దాన్ని వరసలో పెట్టి చెబుతున్నాను.

అక్కా వాళ్ళాయనా పెళ్ళయిన దగ్గర్నించీ ఒక సైకిలు షాపు మీద రెండు గదుల్లో అద్దెకుండేవారు. ఆయన ప్రింటింగ్ ప్రెస్సులో మెషిన్ మీద పనిచేస్తాడు. నెమ్మదైన మనిషి. ఎదుటివాళ్ళు గొంతు పెంచితే తను తగ్గించేసే రకం. ఆ ఇంట్లో మాట చెల్లేది ఆయన అన్నగారిది, అంటే అక్కకి బావగారిది. కరెంటాఫీసులో సూపరింటెండెంటుగా చేసి రిటైరైన ఆయన ఎవరింటికి వెళ్ళినా కుర్చీ తెచ్చేదాకా నిలబడే ఉంటాడు.

"అద్దె గాలికి పోతుందమ్మా, వాయిదా గోడలోకి పోతుంది. ఆ మాత్రం లెక్క తెలీదా?" అని బావగారు ఏడాది పాటు చెవినిల్లు కట్టుకుని పోరాడు. అక్క రెండు గదుల ఫ్లాటు చూసుకుంది. ఆయనకి నచ్చలేదు. "నలుగురొస్తే ఎక్కడ పడుకుంటారు? ఎలాగూ కొంటున్నారు, మూడు గదులది కొనండి" అన్నాడు. కూడబెట్టుకున్న ఎనిమిది లక్షలు పోసి, మరో ముప్ఫై లక్షలు బ్యాంకులో తీసుకున్నారు. ఇరవై ఏళ్ళు, నెలకి ఇరవై నాలుగు వేల చిల్లర.

సంతకాల రోజున బ్యాంకులో కాయితాల దొంతర ముందు పెట్టి, పెన్సిలు గుర్తులున్న చోటల్లా సంతకం చెయ్యమన్నారు. చెయ్యి నొప్పి పుట్టింది గానీ చదవాలన్న ఆలోచన ఇద్దరికీ రాలేదు. "వడ్డీ రేటు అప్పుడప్పుడూ మారుతుంది. మీరు కట్టే వాయిదా మాత్రం మారదు" అన్నాడు అప్పటి ఆఫీసరు. అందులో రెండో వాక్యమే వీళ్ళకి వినబడింది.

ఆరేళ్ళు గడిచాయి. ఒక్క వాయిదా తప్పలేదు. దానికోసం ఏమేం తప్పాయో మాత్రం అక్కకి తర్వాతగానీ లెక్కకి రాలేదు. పెద్ద ప్రెస్సువాళ్ళు వేరే ఊళ్ళో ఎక్కువ జీతమిస్తామంటే ఆయన వెళ్ళలేదు. కొత్తచోట మూణ్ణెల్లు కుదురుకోకపోతే వాయిదా ఎవరు కడతారని భయం. ఇక అక్క పనిచేసే డ్రైవింగు స్కూలు ఓనరు ఆదివారం క్లాసులు కూడా ఆవిడ నెత్తినే వేసేవాడు. వాటికి డబ్బు అడిగితే, "తర్వాత చూద్దాంలే" అనేవాడు. ఒకసారి గట్టిగా అడిగింది. ఆయన నవ్వి, "నీకు ఇంటి వాయిదా ఉందిగా, మానేసి ఎక్కడికి పోతావమ్మా?" అన్నాడు. తిట్టినట్టు కూడా కాదు, వాతావరణం గురించి చెప్పినట్టు అన్నాడు.

ఆ మాట ఆవిడకి గొంతులో ముల్లులా దిగింది. అదనపు బ్రేకు బిగించిన పాత కారొకటి కొనుక్కుని సొంతంగా నేర్పుకుందామని, చిన్న అప్పు కోసం బ్యాంకుకి వెళ్ళింది.

బ్యాంకులో కొత్త ఆఫీసరు కుర్రవాడు. కంప్యూటరు చూసి తల అడ్డంగా ఊపాడు.

"కష్టం మేడమ్. మీ ఇంటి అప్పు తీరేసరికే మీకు డెబ్బై ఒకటొస్తాయి."

"నాకు నలభై ఆరు బాబూ. ఇరవై ఏళ్ళ అప్పు. ఆరేళ్ళు కట్టేశాం. అంటే పద్నాలుగు. అరవైకి అయిపోతుంది. వేరేవాళ్ళది చూస్తున్నారేమో."

"మీదే మేడమ్. ఇంకా పాతికేళ్ళుంది."

ఆవిడ నిజంగానే నవ్వింది. అతను నవ్వలేదు. స్క్రీను ఇటు తిప్పాడు. ఆరేళ్ళలో వీళ్ళు కట్టింది పదిహేడు లక్షల పైచిలుకు. ముప్ఫై లక్షల అసలులో తగ్గింది రెండు లక్షల చిల్లర.

"నాలుగేళ్ళ కిందట రేటు ఏడున్నర నించి తొమ్మిదిన్నరకి పెరిగింది కదా మేడమ్. వాయిదా పెంచితే మీకు ఇబ్బంది అవుతుందని దాన్ని అలాగే ఉంచి, గడువు జరిపారు. మీ ఇరవై నాలుగు వేలల్లో ఇరవై రెండు వేల దాకా వడ్డీకే పోతోంది. మిగిలిందే అసలుకి. మీకు మెసేజ్ కూడా పంపాం."

"ఇలాగే కట్టుకుంటూ పోతే మొత్తం ఎంతవుతుంది?"

అతను లెక్కవేసి, కొంచెం ఇబ్బంది పడుతూ చెప్పాడు. తొంభై లక్షలు.

అసలు కంటే వడ్డీ ముద్దని మనవల గురించి అంటారు. బ్యాంకువాళ్ళకది సామెత కాదు, పనే అంతేనని అక్క నాతో అంది. ఆరోజు మాత్రం ఆవిడకి జోకులేం తోచలేదు. స్కూలుకి ఫోను చేసి సాయంత్రం క్లాసులకి రానని చెప్పి, నడిచే ఇంటికి వెళ్ళింది.

ఆ మెసేజ్ వాళ్ళాయన ఫోనుకి వచ్చింది. ఆయన చూశాడు కూడా.

"రేటు పెరిగిందని రాశారు. వాయిదా పెరగలేదు. పోనీలే, బతికిపోయాం అనుకున్నానే" అన్నాడు. "నీకు చెప్పి కంగారు పెట్టడం ఎందుకని ఊరుకున్నాను."

"గడువు పదకొండేళ్ళు పెరిగిందండీ. బతికిపోవడం ఏమిటి?"

ఆవిడకి చాలా కోపం వచ్చిందట గానీ, ఆయన చేతులకంటిన సిరా మరకలు చూసి ఆ కోపాన్ని ఎక్కడ పెట్టాలో తెలియలేదట. ఆయన దురుద్దేశంతో దాచలేదు. చాప కిందికి నీరు వస్తుంటే చాప తడవలేదు కదా అని సంతోషించాడు, అంతే. తనైనా ఆరేళ్ళలో ఒక్కసారి బ్యాంకు గుమ్మం తొక్కిందా?

సంగతి తెలిసి బావగారు వచ్చాడు. కుర్చీ వేశాక కూర్చున్నాడు.

"అందరి అప్పులూ ఇంతేనమ్మా. ఇల్లంటే జీవితకాలపు పని. మీ తర్వాత మీ అమ్మాయి కట్టుకుంటుంది. దీనికింత గొడవెందుకు?"

"గోడలోకి పోతుందన్నారు బావగారూ. పదిహేడు లక్షలు కడితే గోడలోకి రెండు లక్షలే పోయాయి. మిగతావి మీరు చెప్పిన గాలికే పోయాయి."

"ఆడవాళ్ళు లెక్కల్లోకి దిగితే ఇలాగే ఉంటుంది. ఆ బ్యాంకువాళ్ళతో మాట్లాడాలంటే నేను మాట్లాడతాను."

"అక్కర్లేదండీ. సంతకాలు నేనూ పెట్టాను. నేనే మాట్లాడతాను."

మర్నాడు బ్యాంకు తలుపు తీసేసరికి ఆవిడ మెట్ల మీద ఉంది. మొగుణ్ణి కూడా వెంటపెట్టుకెళ్ళింది. కుర్ర ఆఫీసరు ముందు కూర్చుని, ఈ గడువు తగ్గే దారేమిటో చెబితే గానీ లేవనంది. ఆ అబ్బాయి మంచివాడే. గొంతు తగ్గించి అసలు సంగతి చెప్పాడు. ఇప్పుడు కొత్తగా అప్పు తీసుకునేవాళ్ళకి రేటు ఎనిమిదిన్నరేనట. పాతవాళ్ళు కూడా కొద్దిగా ఫీజు కట్టి అడిగితే ఆ రేటుకి మారుస్తారు.

"మరి మాకెందుకు మార్చలేదు?"

"అడిగినవాళ్ళకి మారుస్తాం మేడమ్."

అడగనిదే అమ్మయినా పెట్టదంటారు. అమ్మకైతే పిల్లల ఆకలి మొహం చూస్తే తెలుస్తుంది. వీళ్ళకి మొహం కూడా తెలియదు. "సరే, ఇదిగో అడుగుతున్నాను" అంది అక్క.

ఆ ఒక్క మార్పుతో పాతికేళ్ళు ఇరవైకి కొంచెం లోపుకి దిగాయి. ఒక్క సంతకానికి అయిదేళ్ళు. ఆవిడకి సంతోషానికి బదులు ఒళ్ళు మండింది. మరి మొదట అనుకున్న పద్నాలుగేళ్ళకి రావాలంటే ఎంత కట్టాలని అడిగింది. ఇరవై ఎనిమిది వేల మూడువందలు.

"నాలుగు వేలు పెరుగుతుంది మేడమ్. ఆలోచించుకోండి. మధ్యలో తప్పితే జరిమానా పడుతుంది."

వాళ్ళాయన ఆవిడ మోచెయ్యి మీద చెయ్యి వేశాడు. ఆవిడ చూడకుండానే, "పద్నాలుగే రాయండి" అంది.

నాలుగు వేలు ఎక్కడినించి వస్తాయో ఆవిడకప్పటికి తెలియదు. ఇంటికొచ్చి గదులన్నీ చూసింది. మూడో గది, ఎవరైనా వస్తే పడుకోవడానికని కొన్న గది. మంచం మీద దుప్పటి మడత నలగలేదు. ఆరేళ్ళలో అందులో పడుకున్నది బావగారొక్కడే, అదీ నాలుగైదుసార్లు. కంటాసుపత్రిలో చేసే ఒక నర్సమ్మ గది వెతుక్కుంటోందని విని, ఆమెకి ఇచ్చేసింది.

బావగారు ఫోను చేశాడు. "సొంతింట్లో పరాయిదాన్ని అద్దెకి పెట్టుకున్నారట. మన పరువేం కావాలి?"

"పరువు వాయిదా కట్టదండీ. ఆ అమ్మాయి కడుతుంది."

ఆయన ఫోను పెట్టేశాడు. మళ్ళీ ఆ ఇంట్లో పడుకోలేదు. ఇప్పటికీ ఎప్పుడైనా వస్తే గుమ్మంలోనే నిలబడి మాట్లాడి వెళ్ళిపోతాడట. అక్క కుర్చీ వేస్తూనే ఉంటుంది.

నర్సమ్మ అద్దెతో నాలుగు వేలూ సర్దుకున్నాయి. బుద్ధిగా ఉంటే అక్కడితో కథ అయిపోయేది. కానీ గొంతులో దిగిన ముల్లు అలాగే ఉంది. ఆ శనివారం ఓనరు ఎప్పటిలాగే, "రేపు ఆరుగురున్నారు, పెందలాడే వచ్చెయ్" అన్నాడు.

"ఆదివారానికి డబ్బిస్తే వస్తాను సార్."

"మళ్ళీ మొదలా? నీకు వాయిదా..."

"ఉంది సార్. పెంచుకున్నాను కూడా. అందుకే ఊరికే పనిచెయ్యలేను."

ఆయన నవ్వు ఆగిపోయింది. ఇష్టం లేకపోతే మానెయ్యమన్నాడు. ఆవిడ స్కూలు కారు తాళాలు బల్ల మీద పెట్టింది. పద్దెనిమిదేళ్ళ ఉద్యోగం అలా తేలిపోయింది. వీధి చివరిదాకా వచ్చి ఒక మందుల షాపు అరుగు మీద కూర్చుందట. ఏడుపు రాలేదు గానీ, ఇంట్లో ఆయనకేం చెప్పాలా అని భయమేసిందట. తీరా చెబితే ఆయన, "ప్రెస్సులో రెండో షిఫ్టు అడుగుతాను. నువ్వు నీ పని చూసుకో" అన్నాడు. ఆయన నోట అంత గట్టి మాట ఆవిడ అప్పటిదాకా వినలేదు.

కారు కొనడానికి అప్పు లేదు, చేతిలో డబ్బూ లేదు. అప్పుడు తట్టిందే, నాలాంటివాళ్ళ కార్లు. లైసెన్సు ఉండి, కారు ఉండి, భయం పోనివాళ్ళు ప్రతి వీధిలోనూ ఉన్నారు. అయితే ఆ కార్లలో రెండో బ్రేకుండదు. ఆవిడ కాలికి పనిలేదు. చెయ్యి హ్యాండుబ్రేకు మీద, కళ్ళు రోడ్డు మీద, నోరు నేర్చుకునేవాళ్ళ మీద. మొదటి నెలలోనే ఒకావిడ బ్రేకనుకుని యాక్సిలేటరు తొక్కేసింది. అక్క హ్యాండుబ్రేకు లాగినా ముందు బంపరు చెత్తకుండీకి కొట్టుకుంది. బాగుచేయించిన ఖర్చు అక్కే పెట్టుకుంది. ఆ నెల వాయిదాకి చెవికమ్మలు అమ్మింది. రెండో నెలలో నలుగురే వచ్చారు. చుట్టాల్లో కొందరు, చెబితే విన్నది కాదన్నారు. ఆవిడ విననే వినలేదు. రోడ్డు మీద ఇన్ని హారన్ల మధ్య ఆ మాటలెక్కడ వినబడతాయంది నాతో.

మెల్లిగా ఒకరినించి ఒకరికి పేరు పాకింది. ఏడాది తిరిగేసరికి స్కూలు జీతం కన్నా ఎక్కువే వస్తోంది. మిగిలిన ప్రతి రూపాయీ అసలులోకి వెయ్యాలని ఆవిడ పంతం. అన్నిసార్లూ కుదరదు. కూతురి కాలేజీ ఫీజుంటుంది, ఆయనకి నడుము నొప్పికి మందులుంటాయి. అయినా అయిదేళ్ళలో అసలు ఆరు లక్షలకి పైగా తగ్గింది.

నా క్లాసులు జరుగుతున్న రోజుల్లోనే రేటు మళ్ళీ అర శాతం పెరిగింది. మెసేజ్ ఈసారి ఆవిడ ఫోనుకే వచ్చింది. చదివి, "కుడివైపు తిప్పు, బ్యాంకుకి పోదాం" అంది నాతో. లోపలికి నేనూ వెళ్ళాను. ఈసారి ఆఫీసరు ఇంకొకామె. సర్దిచెప్పబోయింది.

"మీరేం కంగారు పడక్కర్లేదు మేడమ్. వాయిదా మారదు. గడువు మూడు నాలుగు నెలలు జరుగుతుంది, అంతే."

"జరపకండి. వాయిదా పెంచండి."

"నెలకి ఆరువందల దాకా పెరుగుతుంది. చాలామంది గడువే జరుపుకుంటారు మేడమ్. మూడు నెలలేగా."

"ఆ మూడు నెలలు నావి అమ్మా. మీకెందుకివ్వాలి?" అంది అక్క. గొంతు పెంచలేదు. పక్క కౌంటరులో ఉన్న పెద్దాయన తల తిప్పి చూశాడు. ఆఫీసరు కాయితం తీసింది. అక్క కళ్ళజోడు పెట్టుకుని దాన్ని మొదటినించి చివరిదాకా చదివింది. వెనక నలుగురు నిలబడ్డారు. ఒకాయన గడియారం చూసుకుంటున్నాడు. ఆవిడ ఆయన వైపు ఒకసారి చూసి, మళ్ళీ రెండో పేజీ మొదలుపెట్టింది.