పెరట్లో రాజుగారి రాయి

ఈ ఉదయం ఎదురింట్లో తిరగలికి గంట్లు పెట్టిస్తున్నారు. ఆ ఉలి చప్పుడు భరించలేక చదువుతున్న పుస్తకం మూసేశాను. మన కాన్వెంటు నేస్తాలారా, అరిగిన తిరగలికి మళ్లీ గంట్లు కొట్టించడం మీ ఇళ్లలోనూ ఉండేది కదూ?

నా చిన్నప్పుడు రామచంద్రపురం దగ్గర మా తాతయ్యగారి పెరట్లో, కాలవ తవ్వకంలో దొరికిన పలకరాయి ఒకటి ఉండేది. దాని మీద ఎవరికీ తెలియని సన్నని అక్షరాలు. వాటి మీద వేలు పెట్టి దిద్దుతూ, ఏ రాజు ఏం చెప్పాడో అనుకునేదాన్ని. పాత లిపులు చదివే పంతులుగారు కాకినాడ నుంచి వస్తున్నారంటే నాకు అన్నం సయించలేదు.

"అరిగిపోయినవి ఆయనకేం కనబడతాయే?" అని తాతయ్య తిరగలి గంట్లు పెట్టే మనిషిని పిలిపించారు. అతను ప్రతి గీతనీ తనకు తోచినట్టు లోతుగా చెక్కాడు. అమ్మమ్మ రాయి కడిగి పసుపు కూడా రాసింది.

పంతులుగారు దాని ముందు కూర్చుని గీత గీతా వేలితో తడిమి చూశారు. కొత్త గీతల కింద పాత అక్షరాలు పోయాయి. ఉలి తగలని ఒక మూల మాత్రం చదివి, "రాజుగారు బౌద్ధ భిక్షువులకి ఏదో ఇచ్చారమ్మా" అని నాతో మెల్లిగా అన్నారు.

"ఏమిచ్చారండి?"

ఆయన ఆ పక్కనే ఉన్న కొత్త గీతల మీద వేలు పెట్టి చూపించారు.

"ఇప్పుడు బాగా కనబడుతున్నాయి కదండీ?" అన్నారు తాతయ్య, మురిసిపోతూ.

"చాలా బాగా కనబడుతున్నాయండి" అన్నారు పంతులుగారు, రాతి మీది అక్షరాల ముద్ర తీసుకోవడానికి తెచ్చిన కాగితాలు సంచీలో పెట్టేసుకుంటూ.