ఎనిమిది పేజీల కోట

లైబ్రరీ నుంచి మా అమ్మాయి తెచ్చుకునే పుస్తకాలన్నీ ఒకే రకం. పిరమిడ్లు, చైనా గోడ, రోములో సగం కూలిన ఆ గుండ్రటి స్టేడియం. పేజీ నిండా బొమ్మ, పక్కన నాలుగు ముక్కల సమాచారం. ఈ పరాయి దేశంలో, మౌంట్ ఆల్బర్ట్‌లోని మా ఇంటి హాలంతా అవే పరిచి ఉంటాయి. మొన్నొక శనివారం తన కాలు వాటిలో ఒకదానికి తగిలింది. "కళ్ళకద్దుకో" అన్నాను. ఇక్కడే పుట్టిన ఎనిమిదేళ్ళ పిల్ల. తెలుగులో ఏది చెప్పినా ఇంగ్లీషులో ఎందుకని అడుగుతుంది గానీ, ఈ ఒక్క మాటకు మాత్రం అడగదు. పుస్తకం తీసి కళ్ళకద్దుకుంది.

ఆ పుస్తకంలో ఇండియాకు దక్కింది ఒక్క పేజీ, అదీ తాజ్ మహల్. నాకు ఒళ్ళు మండింది. "మా ఊరి కొండమీద ఎంత పెద్ద కోట ఉందో తెలుసా? అది వీళ్ళకు కనబడలేదు చూడు" అన్నాను. అనకుండా ఉండాల్సింది. స్కూల్లో సరిగ్గా అలాంటి పనే ఇచ్చారట. మీ కుటుంబం వచ్చిన చోట ఉన్న ఒక పాత కట్టడం మీద ఎనిమిది పేజీల పుస్తకం సొంతంగా తయారు చేయాలి.

కాగితాలు మడిచి, మధ్యలో పిన్నులు కొట్టి, పెన్సిల్ పట్టుకుని నా ఎదురుగా కూర్చుంది. ఎవరు కట్టారు? ఎన్ని ద్వారాలు? లోపల ఎవరుండేవాళ్ళు? పదిహేడేళ్ళు ఆ కొండ కిందే పెరిగాను. పరీక్షల కోసం ఎక్కడెక్కడి రాజుల వంశాలో బట్టీ పట్టాను గానీ, ఆ కోట గురించి నాకు ఒక్క ముక్క తెలియదు. సిగ్గేసింది.

నాతో లాభం లేదని నా ఫోన్ తీసుకుని వెతికింది. ఒక ఫొటో పెద్దది చేసి చూపించింది. రాతిగోడ మీద తెలుగు అక్షరాలు. "ఇవి ఎవరి పేర్లు నాన్నా? కట్టిన వర్కర్స్‌వా?" నేను నోరు తెరిచేలోపే రాసేసింది కూడా. కోట కట్టిన పనివాళ్ళు తమ పేర్లు గోడ మీద చెక్కుకున్నారని.

ఊరుకుంటే సరిపోయేది. వాళ్ళ టీచరుకు తెలుగు రాదు, ఆ కోట ఎక్కడుందో కూడా తెలియదు. నాన్న మంచివాడని నమ్మే వయసు ఇంకెన్నాళ్ళుంటుందో, దాన్ని చేజేతులా పోగొట్టుకోవడం ఎందుకు అనిపించింది. కానీ ఇలాంటి పుస్తకాల్లో రాసిందంతా నిజమేనని నమ్మే పిల్ల తను. తన మొదటి పుస్తకంలోనే నా మూలంగా అబద్ధం చేరడం నేను భరించలేకపోయాను.

"కట్టినవాళ్ళవి కాదమ్మా. ఇంటర్ పరీక్షలు అయిపోయిన రోజు నాలాంటివాళ్ళు మేకులతో గీకినవి. ఈ ఫొటోలో లేదు గానీ, అక్కడ నా పేరు కూడా ఉంది."

ఫొటోను ఇంకా పెద్దది చేసి ఆ అక్షరాలనే చూసింది. నవ్వేస్తుందేమోనని ఆశపడ్డాను. చివరికి తెలుగులోనే అడిగింది.

"తర్వాత కళ్ళకద్దుకున్నావా?"

"లేదు."

రబ్బరు తీసుకుని ఆ వాక్యం చెరిపేసింది. కొత్తగా రాసింది నాకు చూపించలేదు. సోమవారం పొద్దున బ్యాగు సర్దుతూ నేనే తీసి చూశాను. చివరి పేజీలో గోడ బొమ్మ, దాని ముందు కళ్ళజోడు పెట్టుకున్న మనిషి, పక్కన రెండు జడల పిల్ల. కింద ఇంగ్లీషులో రాసి ఉంది. గోడ మీద మా నాన్న పేరు ఉంది. ఈసారి వెళ్ళినప్పుడు కళ్ళకద్దుకుంటాడు. తోడుగా నేనూ వెళ్తాను.