మందమర్రిలో మూసిన తలుపు వెనక ఆరిన బట్టలు

ఆ ఏడు కరీంనగర్‌లో ముసురు పట్టి వదల్లేదు. తడిబట్టలు ఆరబెట్టడానికే వంటబొగ్గులన్నీ అయిపోతున్నాయి. మందమర్రి బొగ్గుబావిలో పనిచేసే మరిది, మా చెల్లెలు సరోజ భర్త, ఇంటికొచ్చినప్పుడు, "మాకాడ బొగ్గుకు ఫికర్ లేదు వదినె, ఒక్క పూటల బట్టలన్ని ఆర్తయి" అన్నాడు. ఆ కిటుకేమిటో చూడవచ్చు, సరోజకు పుట్టిన పాపనూ చూడవచ్చు అని బయలుదేరాను.

పొద్దున బస్సులో పెద్దపల్లి, అక్కడి నుంచి ప్యాసింజరు రైలు. రెండూ కలిపి రెండు రూపాయల పైచిలుకు. వంతెన కింద గోదావరి ఎర్రగా ఉరుకుతుంటే కిటికీ వైపు చూడలేకపోయాను. మధ్యాహ్నానికి మందమర్రిలో దిగి, చెల్లెలి కాన్పు సంగతి చెప్పి అర్ధరూపాయికి జట్కా మాట్లాడుకున్నాను. "బాలెంతను సూడవోతున్నవా అమ్మా? బురద ఉన్నది, జర పైలం" అన్నాడు జట్కావాడు.

సరోజ గది తలుపు మూసి ఉంది. బాలెంతకు గాలి సోకకూడదని కిటికీ సందుల్లో కూడా గుడ్డలు కుక్కారు. మధ్యలో ఎర్రగా కుంపటి, దానికి కాస్త ఎడంగా దండెం మీద పాప పొత్తిగుడ్డలు. ముట్టుకుంటే కరకరలాడుతున్నాయి. ఇంత సులువా అనుకున్నాను.

"అక్కా, తలుపు జల్ది ముయ్యి. గాలొస్తే గుడ్డలారయి, నాకు సలిపుడ్తది."

కాసేపటికి నా తల దిమ్మెక్కింది. రైలు బడలికేమో అనుకున్నాను. సరోజ కూడా కణతలు నొక్కుకుంటోంది. "నిన్నటి సంది నాకు గట్లనే ఉన్నది. బాలెంతను గదా" అంది. "పిల్ల మాత్రం బంగారం. పొద్దటి సంది ఏడ్వనేలే."

ఆ మాటకు కుంపటి వైపు చూశాను. మూసిన గదిలో బొగ్గు మండితే గాలి విషమవుతుందని కాలేజీలో చదివాను. కానీ నిజంగా ఇదేనా? తలుపు తీశాక పాపకు జ్వరమొస్తే? వంగి అరికాలు గిల్లాను. కదల్లేదు. మళ్ళీ గిల్లాను.

పాపనెత్తుకుని తలుపు తోసేశాను. సరోజను రెక్క పట్టి బయటికి లాగాను. వరండాలో కూర్చున్న పక్కింటి పోశవ్వ లేచి నిలబడింది. "బాలెంతింట్ల తలుపు తెరుస్తరా? సదువుకున్నోల్లకు సలి పెట్టదా అమ్మా?"

"పిల్ల లేస్తలేదు" అన్నాను. పోశవ్వ వెంటనే కుంపటిని వానలోకి ఈడ్చింది. జల్లు పాప మొహాన పడుతోంది. తుడవాలని కూడా తోచలేదు. చాలాసేపటికి సన్నగా మూలిగింది. ఆ తర్వాత ఏడ్చింది.

"ఏడ్వనియ్యి, గట్టిగ ఏడ్వనియ్యి" అంది పోశవ్వ. సరోజ వైపు తిరిగి, "గుడ్డలార్తయని పిల్లనే ఆరబెట్టినవు గదనే" అంది. వానలోనే ఇద్దరినీ దవాఖానాకు తీసుకెళ్ళాను. అక్కడ డాక్టరు కూడా బొగ్గు గాలే అన్నాడు.

ఖర్చు తగ్గించే కిటుకు కోసం వెళ్ళి ఈ భయం తెచ్చుకున్నాను. ఇంకాస్త సేపు సందేహిస్తూ కూర్చుని ఉంటే? ఇప్పటికీ ఎవరింట్లోనైనా పసిబిడ్డ మరీ నెమ్మదిగా పడుకుంటే, దగ్గరికెళ్ళి ఊపిరి చూస్తాను. వానాకాలం మా ఇంట్లో బట్టలు ముక్కవాసన వేస్తాయి. వేయనీ.

మీరూ ముసురులో ప్రయాణమైతే ఒక మాట: ఉతికిన బట్టను పొడి తువ్వాల్లో చుట్టి గట్టిగా పిండి, వరండాలో గాలి దూసుకుపోయే చోట ఒంటి పొరగా వేయండి. బొగ్గు అక్కర్లేదు, ఒక రోజు ఆలస్యమవుతుంది, అంతే. చుట్టాలింట్లో మూసిన గదిలో కుంపటి కనిపిస్తే మాత్రం మర్యాదకు ఆగకండి, ముందు తలుపు తీయండి.