ఆఖ్రీ కిస్త్

రియాద్‌లోని మలాజ్ నుంచి బురైదాకు టాక్సీలో వెళ్తున్నాను. డ్రైవర్ అన్వర్ భాయ్‌ది పాకిస్తాన్‌లోని ముల్తాన్. సాయంత్రం ఉన్నట్టుండి బండిని పెట్రోల్ బంకు పక్కకు తీసి, "భాయ్, ఆజ్ ఆఖ్రీ కిస్త్ హై" అన్నాడు, కళ్లు తుడుచుకుంటూ. ఇవాళ ఆఖరి కిస్తు అని.

మా కరీంనగర్‌లో కిస్తు అంటే అప్పుకు కట్టేది. అది తీరిపోతుంటే ఏడుపెందుకో తెలియక, "ముబారక్ హో" అని అభినందించి చేయి కలిపాను.

తీరా చూస్తే వాళ్ల కిస్త్ అంటే సీరియల్ ఎపిసోడ్. దాని దర్శకుడు టీవీలో మొదలై, సినిమాలకు పోయి, పేరు తెచ్చుకుని, మళ్లీ టీవీకే వచ్చాడట. ఇదే తన చివరి సీరియల్ అన్నాడట. ఆయన తీసిందల్లా అన్వర్ భాయ్ ఇక్కడ, భార్య ముల్తాన్‌లో, ఒకే సమయానికి చూస్తూ వాయిస్ మెసేజ్‌లు పెట్టుకుంటారు. వాళ్ల కాపురంలో సగం అదే. ఇవాళ చూస్తే అతని డేటా అయిపోయింది.

నా హాట్‌స్పాట్ ఇచ్చాను. హీరోయిన్ పోతుందేమోనని అతని భయం, నా డేటా పోతుందేమోనని నా భయం. చివరికి రెండూ బతికాయి.

అంతలో ఫోన్‌లో అతని భార్య గొంతు వచ్చింది. "అబ్ క్యా దేఖేంగే?" ఇక ఏం చూద్దామని.

"మా తెలుగు సీరియల్ చూడండి భాయ్," అన్నాను. "మా అమ్మ చూసేది నేను ఏడో తరగతిలో ఉండగా మొదలైంది. దానికి ఆఖ్రీ కిస్త్ ఉండదు."

నవ్వుతాడనుకున్నాను. అతను వాయిస్ మెసేజ్ బటన్ నొక్కి, ఆ సీరియల్ పేరు చెప్పమని ఫోన్ నా నోటి దగ్గర పెట్టాడు.

"నామ్ బతావో, భాయ్."