మోగని స్పీకరుకు జవాబు చెప్పిన నటుడు

2021 జనవరి. జర్మనీలోని కాట్‌బస్‌లో ట్రామ్ వెళ్ళే వీధిలో ఉన్న ఒక వినికిడి యంత్రాల దుకాణంలో పనిచేస్తున్నాను. లాక్‌డౌన్‌లో బట్టల షాపులు, చెప్పుల షాపులు మూతపడినా మాది తెరిచే ఉంది. కళ్ళజోళ్ళ వాళ్ళలాగే మమ్మల్నీ తప్పనిసరి పనుల కింద వదిలేశారు. కౌంటరు మీద ప్లాస్టిక్ అద్దం, ముఖానికి ఎఫ్‌ఎఫ్‌పీ2 మాస్క్, మనిషి మారినప్పుడల్లా కిటికీ తెరవడం. బయట మంచు కురుస్తున్నా తెరవాల్సిందే.

నా ఉద్యోగాన్ని ఇక్కడ హ్యోర్‌అకుస్టికెరిన్ అంటారు. డాక్టర్ని కాదు. చెవి డాక్టరు రాసిన చీటీతో వచ్చినవాళ్ళ వినికిడి కొలిచి, తగిన యంత్రం ఎంచి, దాన్ని కంప్యూటరుకు కలిపి ఏ శబ్దం ఎంత పెంచాలో సరిచేసి ఇవ్వడం నా పని. మావారి ఉద్యోగ వీసా, బ్లూ కార్డ్, వెనకాల హనుమకొండ నుంచి వచ్చి, ఇంట్లో కూర్చోలేక, సగం బడి సగం షాపు పనిగా మూడేళ్ళ ఔస్‌బిల్డుంగ్ చేసి ఇందులో పడ్డాను. ఓపిక ఉంటే ఇది మంచి పని. ఓపిక ఉన్నట్టు నటించినా చాలావరకు నడుస్తుంది.

ఆ నెలలో ఒకాయన టెర్మిన్, అంటే ముందుగా టైము, తీసుకుని వచ్చారు. అరవై ఎనిమిదేళ్ళు, పొడుగు మనిషి, చెవులు కప్పేసేంత తెల్లజుట్టు, దాని మీద ఉన్ని టోపీ. ఇక్కడ ఆయన్ని హెర్ కోస్లర్, అంటే కోస్లర్ గారు, అంటాను, అసలు పేరు కాదు; నన్ను ఆయన ఫ్రావ్ గుండేటి అనేవారు. బెర్లిన్‌లో ఉంటూ రైల్లో గంటన్నర ప్రయాణం చేసి మా ఊరికి ఎందుకొచ్చారో నాకు అర్థం కాలేదు. ఆయన వెళ్ళాక మా మైస్టెరిన్, అంటే షాపు నడిపే పెద్దావిడ, నన్ను లోపలికి పిలిచి ఆయనెవరో తెలుసా అని అడిగింది. తెలియదన్నాను. పదిహేడేళ్ళుగా వారంవారం టీవీలో వచ్చే పశువుల డాక్టరట. ఆవిడ వాళ్ళమ్మ ఆ సీరియల్ వచ్చే టైముకి ఫోన్ కూడా ఎత్తదట. కళ్ళు చూసి గుర్తుపట్టిందిట. ఎవరైనా గుర్తుపడతారనే అంత దూరం వచ్చారు; మాస్కుల కాలం కాకపోతే ఆయన మా గుమ్మం తొక్కేవారే కాదు.

ఇంటికెళ్ళి చెప్తే మావారు లాప్‌టాప్ మీంచి తల ఎత్తకుండానే, "నువ్వు టీవీ ఎన్నడు చూసినవ్, అమితాబ్ వచ్చినా చెవిల దూది పెట్టి పంపుతవ్" అన్నారు. నిజమే, నాకు తెలిసింది ఆయన చెవులే.

ఆ చెవుల సంగతి ఆడియోగ్రామ్ చెప్పింది. ఏ శబ్దం ఎంత గట్టిగా ఉంటే వినబడుతుందో చూపించే గీత అది. లావు శబ్దాల దగ్గర బాగానే ఉండి, సన్నని శబ్దాల దగ్గరికొచ్చేసరికి నూతిలోకి దిగినట్టు దిగిపోయింది. ఇలాంటివాళ్ళకి ఎవరో మాట్లాడుతున్నట్టు తెలుస్తుంది, ఏం మాట్లాడుతున్నారో తెలియదు. పదేళ్ళ కిందే రావాల్సిన మనిషి. ఎవరైనా గమనించారా అని అడిగితే, లేదు, ఈ మధ్యే మొదలైంది అన్నారు. అందరూ అదే అంటారు.

తర్వాత మాటల పరీక్ష. స్పీకర్‌లోంచి ఇరవై చిన్న చిన్న మాటలు ఒక్కొక్కటీ వస్తాయి, విన్నది విన్నట్టు తిరిగి చెప్పాలి. యంత్రం లేకుండా ఇరవైకి ఎనిమిది చెప్పారు. యంత్రం పెట్టాక పదకొండు. మా దగ్గర యంత్రాన్ని వెంటనే కొననక్కరలేదు, కొన్ని వారాలు ఇంటికి తీసుకెళ్ళి వాడి చూడవచ్చు. అలా పంపించాను. రెండో వారం పదహారు వచ్చాయి, మూడో వారం పంతొమ్మిది.

పంతొమ్మిది చూసి నేను పొంగిపోయాను. మైస్టెరిన్ కూడా భుజం తట్టలేక, దూరం నుంచే బొటనవేలు చూపించింది. కాగితం శబ్దం చెవిలో గీరినట్టుందని, చెంచా పింగాణీకి తగిలితే ఒళ్ళు జలదరిస్తోందని ఆయన ఫిర్యాదు చేస్తే, ఇన్ని మాటలు వినబడుతున్నాయి కదా అని శబ్దం కొంచెం తగ్గించాను కూడా. తప్పు అక్కడ జరిగింది. అప్పుడు నాకు తెలియదు.

ఫిబ్రవరి చివర్లో ఆయన టెర్మిన్ లేకుండా వచ్చారు. ముఖంలో కనిపించేది కళ్ళే కాబట్టి ఆ కళ్ళు చూసే కూర్చోబెట్టాను. జరిగింది ముక్కలు ముక్కలుగా చెప్పారు. సెట్‌లో అందరికీ మాస్కులు, మనిషికీ మనిషికీ మీటరున్నర దూరం. డైరెక్టరు అంత దూరం నుంచి మాస్క్‌లో చెప్పే మార్పులు ఈయనకు అందలేదు. నిలబడమన్నచోట నిలబడలేదు, ఆపమన్నప్పుడు ఆపలేదు. మూడు షాట్లు పాడయ్యాయి. డైరెక్టరు కేకలేసినా బాగుండేదిట. చిన్నపిల్లాడికి చెప్పినట్టు మెల్లగా, నవ్వుతూ చెప్పాడట. మర్నాడు ప్రొడక్షన్ ఆఫీసు నుంచి ఫోన్ వచ్చింది. జ్ఞాపకశక్తి సరిగ్గా ఉందని డాక్టరు అటెస్ట్, అంటే సర్టిఫికెట్, తెమ్మన్నారు. ఈలోగా కథ రాసేవాళ్ళు ఒక ఎపిసోడ్ సిద్ధం చేసుకున్నారని ఆయనకు వేరే ఎవరో చెప్పారు. అందులో పశువుల డాక్టరు ఆసుపత్రి అమ్మేసి, చెల్లెలి దగ్గరికి వెళ్ళిపోతాడు. మూడు వారాల తర్వాత మళ్ళీ రెండు రోజుల షూటింగ్. ఆ రెండు రోజులు ఎలా చేస్తారన్న దాన్నిబట్టి ఆ ఎపిసోడ్ తీస్తారా చింపేస్తారా అన్నది తేలుతుంది.

"ఆ పశువుల డాక్టరు కాక నాకు వేరే వేషం లేదు ఫ్రావ్ గుండేటి," అన్నారు. "నన్ను వీధిలో ఆపి కుక్కలకి మందులు అడుగుతారు."

ఆయన జీవితం అప్పుడు కొంత చెప్పారు. తూర్పు జర్మనీ టీవీలో చిన్న వేషాలతో మొదలుపెట్టారు. బెర్లిన్ గోడ కూలాక ఆ స్టూడియోలు మూతపడి, నాలుగేళ్ళు ఇన్సూరెన్స్ అమ్ముకున్నారు. గుమ్మం ముందు చెప్పే మాటలు కూడా డైలాగుల్లాగే బట్టీ పట్టేవారట. యాభై దాటాక ఈ పశువుల డాక్టరు వేషం దొరికింది. ఇదంతా వింటూ నేను కంప్యూటరులో పరీక్ష సిద్ధం చేశాను. పంతొమ్మిది వచ్చిన చెవి సెట్‌లో ఎందుకు పనిచేయలేదో చూడాలి కదా.

మాస్క్ ఆవిరికి నా కళ్ళజోడు మసకబారింది. అంతకుముందు వచ్చిన ముసలావిడకి హెడ్‌ఫోన్‌తో పరీక్ష చేసి, శబ్దాన్ని తిరిగి స్పీకర్‌కి మార్చడం మరిచిపోయాను. నొక్కాను. తెర మీద మొదటి మాట వెలిగింది. హెర్ కోస్లర్ ఆ మాట చెప్పారు. రెండోది వెలిగింది, చెప్పారు. మూడు, నాలుగు. ఐదో మాట దగ్గర నాకేదో తేడాగా అనిపించింది. గదిలో వినబడుతున్నది ఆయన గొంతొక్కటే.

ఆపలేదు. ఇరవై మాటలూ అయ్యేవరకు చూశాను. తల కొంచెం పక్కకు వంచి, కనుబొమలు ముడిచి, ఒక్కో మాటకీ తగినంత ఆగి, కష్టపడి విన్న మనిషిలాగే ఒక్కొక్కటీ చెప్పుకుపోయారు. పద్నాలుగోది మాత్రం తప్పు చెప్పి, తనలో తనే విసుక్కున్నట్టు తల ఊపారు. మళ్ళీ పంతొమ్మిది.

స్పీకర్ మోగలేదని చెప్పాను. మాస్క్ వెనక నుంచి అన్నాను కాబట్టి వినబడలేదు. కాగితం మీద పెద్ద అక్షరాలతో రాసి ప్లాస్టిక్ అద్దానికి ఆనించాను. ఆయన చదివారు. టోపీ తీసి ఒళ్ళో పెట్టుకున్నారు.

మా షాపులో అలవాటుగా వాడేవి రెండు మూడు జాబితాలే, ఆయనకు పెట్టింది ఎప్పుడూ ఒకటే; తప్పిన మాటలు చివర్లో నేనే తెర తిప్పి చూపించేదాన్ని. మామూలు మనిషికి వారం తర్వాత అందులో ఒక్క మాట కూడా గుర్తుండదు. ఈయన ఇంటికి పోతూ రైల్లో వాటిని తిరగేసుకునేవారట, పాత్రకు సిద్ధమైనట్టు; ఇక్కడ నా చూపు తెర మీద కదలడం చూసి ఒక్కొక్కటీ చెప్పేవారట. పద్నాలుగోది తప్పెందుకు చెప్పారని రాసి అడిగాను.

"అన్నీ సరిగ్గా చెప్తే ఎవరూ నమ్మరు," అన్నారు.

నవ్వొచ్చింది, కోపమూ వచ్చింది. ముందు ఆయన మీద, తర్వాత నా మీద. ఎనిమిదేళ్ళుగా ఆయన తన డైలాగులే కాదు, పక్కవాళ్ళవి కూడా మొత్తం నేర్చుకుంటున్నారట. ఎదుటివాళ్ళ పెదాలు ఎక్కడ ఆగుతాయో చూసి తనది అందుకుంటారు. డైరెక్టరు చెప్పే మార్పులూ అలాగే పెదాలు చూసే తెలుసుకునేవారు; మాస్కులొచ్చి ఆ పెదాలు కనిపించకుండా పోయాయి. అంటే జ్ఞాపకం పోయిందని ఎవరిని అనుమానిస్తున్నారో, ఆ మనిషి జ్ఞాపకం మీదే ఇన్నేళ్ళూ నెట్టుకొచ్చాడు.

ఇది అందరికంటే ముందు నేను కనిపెట్టాల్సింది. జర్మనీ వచ్చిన కొత్తలో వీసా ఆఫీసుకు వెళ్ళేముందు నేనూ జవాబులన్నీ బట్టీ పట్టేదాన్ని, వాళ్ళు వేరే ప్రశ్న అడిగినా నేర్చుకున్నదే అప్పజెప్పేదాన్ని. షాపులో కాఫీ దగ్గర అందరూ నవ్వితే నేనూ నవ్వేదాన్ని. మాస్కులొచ్చాక నా జర్మన్ కూడా సగానికి పడిపోయింది. ఇదంతా ఆయనకు చెప్పాను, అర్థమయ్యేవరకు రెండుసార్లు. కస్టమరుకు చెప్పదగ్గ విషయం కాదు, కానీ చెప్పాను.

"అయితే నేను చెప్పేది మీకు అర్థమవుతోందా?" అని అడిగారు.

"సగం," అన్నాను.

జాబితాలు పక్కన పెట్టేశాను. సూపర్‌మార్కెట్ కరపత్రం తీసుకుని, మీటరున్నర దూరంలో ఆయన వీపు వెనక నిలబడి, మాస్క్‌తోనే చదివాను. బంగాళదుంపలు, బట్టల సబ్బు, కూరగాయల కత్తి. దాన్ని ముందే నేర్చుకోవడం ఎవరివల్లా కాదు. పదింటికి నాలుగు దొరికాయి. అసలు మార్కు అది. ఇక అప్పుడు యంత్రాన్ని నిజంగా ఆయన చెవికి ఎంత కావాలో అంత పెంచాను. కాగితం గీరుతుంది, చెంచా గుచ్చుతుంది, మెదడుకు అలవాటు కావాలంటే పొద్దున లేచింది మొదలు పడుకునేదాకా పెట్టుకోవాలి, తీయకూడదు అని చెప్పాను. వారానికి రెండుసార్లు రమ్మన్నాను. వచ్చారు. కరపత్రాలు మారుస్తూ పోయాను. నాలుగు ఆరయింది, ఏడయింది, అక్కడ ఆగిపోయింది.

ఏడు చాలదు. మిగతా మూడూ అడిగి తెలుసుకోవాలి. షూటింగ్‌కు ముందు చివరి టెర్మిన్‌లో ఆ మాటే చెప్పాను. డైరెక్టరుకు చెప్పండి, వినబడకపోతే మళ్ళీ చెప్పమనండి అన్నాను. ఆయన కనుబొమలు ముడిచారు. ఈ వయసులో చెవులు పోయాయని చెప్తే ఇంటికి పంపించేస్తారన్నారు.

"వాళ్ళు మీకు మతి పోయిందనుకుంటున్నారు హెర్ కోస్లర్. ఏది పోయిందనుకుంటే నయం?"

ఆయన లేచారు. టోపీ పెట్టుకుని వెళ్ళిపోయారు. మరీ మొరటుగా అన్నానేమోనని రెండు వారాలు మనసు పీకింది. ఫోన్ చేసి అడగడం మా పద్ధతి కాదు.

ఏప్రిల్‌లో వచ్చారు, టోపీ లేకుండా. జుట్టు పొట్టిగా కత్తిరించి ఉంది. చెవి వెనక యంత్రం, చెవిలోకి దిగే సన్నని తీగ అందరికీ కనిపిస్తున్నాయి. మొదటిరోజు పొద్దున్నే యూనిట్ అందరి ముందూ చెప్పేశారట. డైరెక్టరు ఇన్నాళ్ళూ ఎందుకు చెప్పలేదని అడిగి, ఆ రోజంతా చెప్పేదేదైనా దగ్గరికి ఒక్కడుగు వచ్చి ఈయన వైపు తిరిగి చెప్పాడట. చెల్లెలి దగ్గరికి పంపే ఎపిసోడ్ తీయలేదు. వేషం కొంచెం తగ్గించారు. ఆ వేషం ఇంకో ఏడాదిన్నర వేసి, తర్వాత ఆయనంతట ఆయనే మానుకున్నారు.

ఏప్రిల్‌లో ఆ రోజు ఆయన నాకు చెప్పాలని వచ్చింది మాత్రం షూటింగ్ దక్కిందని కాదు. రెండోరోజు ఒక సీన్‌లో ఎదుట ఉన్న కొత్తమ్మాయి తన డైలాగు మరిచిపోయి, నోటికొచ్చిన ప్రశ్న ఏదో అడిగేసిందట. మామూలుగా అయితే ఈయన తన డైలాగు తను చెప్పేసేవారు, సీన్ పాడయ్యేది. ఈసారి ఆ ప్రశ్నకు జవాబు చెప్పారు.

"ఎనిమిదేళ్ళలో మొదటిసారి, అవతలి మనిషి అన్నదానికి బదులు చెప్పాను," అన్నారు. ఆయన కళ్ళు తడిగా ఉన్నాయి. నేను గుడ్డ తీసుకుని మా మధ్య ఉన్న ప్లాస్టిక్ అద్దం తుడవడం మొదలుపెట్టాను.

అప్పటినుంచి ఎవరికి మాటల పరీక్ష చేసినా మధ్యలో ఒకసారి, చెప్పకుండా, స్పీకర్ ఆపేస్తాను. చాలామంది నా వైపు తిరిగి ఏమైంది, ఆగిపోయిందా అని అడుగుతారు. ఎప్పుడో ఒకరు మాత్రం తల కొంచెం పక్కకు వంచి ఏదో ఒక మాట చెప్పేస్తారు. వాళ్ళకి మార్కులు వేయను. కంప్యూటర్ మూసేసి, కుర్చీ దగ్గరికి లాక్కుని, ఇంట్లో ఎవరెవరు ఉంటారు, వాళ్ళ మాటలు ఎలా తెలుసుకుంటున్నారు అని అడుగుతాను.