గీకివేసిన ద్వీపం

1977 జూన్: ద్వీపం గురించి నేను రాసిన ఏకైక ప్రతిని మదనపల్లెలోని పుస్తక సంఘం వారికి అప్పగించాను. రసీదు ఇవ్వలేదు.

1978 ఫిబ్రవరి: వారు అచ్చు వేయించిన నమూనాలోని పటంలో ద్వీపం లేదు.

1978 ఏప్రిల్: “లేని ద్వీపం” అని పుస్తకాన్ని తోసిపుచ్చారు. నా ప్రతిని తిరిగి ఇవ్వలేదు.

1978 నుండి 1983 వరకు: ఏడు జాబులు రాశాను. ఒక్కదానికీ జవాబు లేదు.

1984 ఆగస్టు: ఆ ద్వీపాన్ని చూసిన మనిషి కన్నుమూశాడు.

ఆయన పుంగనూరులో దర్జీ. యౌవనంలో సరుకుల ఓడలో వంటవాడు. యంత్రం చెడి, ఆ ఓడ క్రీటుకు దక్షిణాన ఉన్న గావ్డోస్ ద్వీపం దగ్గర కొన్నాళ్లు నిలిచిపోయిందట. భూగోళం బోధించే నేను ఆదివారాలు ఆయన మిషను పక్కన కూర్చుని, చెప్పినది చెప్పినట్టు రాసుకొనేవాణ్ణి. ప్రతి పేజీ చదివి వినిపించి, కింద ఆయన సంతకం తీసుకొనేవాణ్ణి. ఒడ్డున తాబేళ్లు గుడ్లు పెడతాయని ఎక్కడో చదివి ఒక వాక్యం చేర్చాను.

“నేను సూల్లేదు అయ్యవారా, కొట్టేయండి,” అన్నాడు. కొట్టివేశాకే సంతకం పెట్టాడు.

ఆయన చూసినవి: ఇసుకదిబ్బల మీద గాలికి వంగిపోయిన పొట్టి చెట్లు, దక్షిణపు కొసన మూడు కమానులుగా తొలిచినట్టున్న బండ, పాడుబడిన దీపస్తంభం, రాళ్లు పేర్చి కట్టిన మెట్ల చేలు, మేకలు. సముద్రం పొంగితే పడవ రాదు. వచ్చేదాకా ఉన్నదే తినాలి.

“సుట్టూ నీళ్లే, తాగేదానికి మాత్రం బొట్టు బొట్టు సూసుకోవాల. మన పుంగనూరునే ఎత్తకపోయి సముద్రంలో పెట్టినట్టుండాది,” అని నవ్వేవాడు.

ఆ మాట కోసమే పుస్తకం రాశాను. రాళ్లు ఏరి గట్లు వేసి వాన కోసం చూసే మనుషులు అక్కడా ఉన్నారని రామకుప్పం రైతు చదవాలనుకున్నాను.

పటం నేనే గీశాను. కొలత తప్పకూడదని ద్వీపాన్ని ఆవగింజంత చుక్కగా పెట్టి, పేరు పట్టక దానిని వేరే కాగితం మీద వివరణలో రాశాను. నమూనా వచ్చేనాటికి నాకు కుప్పం బదిలీ అయింది. అక్కడ అక్షరం అక్షరం దిద్దాను. పటం నాదే కదా అని దాని వైపు చూడలేదు. ఆ తప్పు నాది. దానినీ ఇక్కడ నమోదు చేస్తున్నాను.

ఏప్రిల్ సమావేశంలో సంఘం పెద్ద ఆ పటాన్ని అందరికీ ఎత్తి చూపాడు.

“యాడుండాదప్పా మీ ద్వీపం? మునిగిపోయిందా?”

అందరూ నవ్వారు. నేను బడి అట్లాసు తెరిచి చుక్క చూపించాను.

“ఈగ వాలిన గుర్తు మాదిరి ఉండాదే,” అన్నాడు. మళ్లీ నవ్వారు.

ఆ సాయంత్రమే పటానికి అచ్చుదిమ్మ చేసినాయన దగ్గరికి వెళ్లాను.

“మసి సుక్క పడిందనుకుని గీకేసినా సారూ. శుభ్రంగా పని సేస్తే కూడా తప్పేనా?” అన్నాడు బాధగా. ఆయన మాటను సంఘానికి రాసి పంపాను. ఏడు జాబులలో మొదటిది అదే.

పుంగనూరులో ఈ సంగతి నాకంటే ముందే చేరింది. “ఏమప్పా, లేని ఊర్లో ఏం వండితివి?” అని అంగడి ముందు ఆగి అడిగేవారు. దర్జీ తల ఎత్తకుండా మిషను తొక్కేవాడు. ఆ తరువాత ఆరేళ్లలో ఆయన నోట ద్వీపం మాట రాలేదు. అడిగే ధైర్యం నాకూ లేకపోయింది.

ఆయన చనిపోయిన నెలలోనే పరామర్శకు వెళ్లాను. ఆయన భార్య తలుపు దగ్గరే నిలబెట్టి అడిగింది: “మా ఆయన అబద్ధం సెప్పినాడా అయ్యవారా?”

లేదన్నాను. చూపించడానికి నా చేతిలో ఏమీ లేదు. ఆయన సంతకాలున్న పేజీలన్నీ పుస్తక సంఘం బీరువాలో ఉన్నాయి. లేదా చెదల పాలయ్యాయి. దొరుకుతాయన్న ఆశ నాకు లేదు.

అయినా పుస్తక సంఘం వారిని కోరుతున్నాను: ప్రతి ఉన్నదో లేదో తెలపండి. ద్వీపం ఉన్నదనీ, పటంలో దానిని పొరపాటున గీకివేశారనీ, దర్జీ మాట నిజమనీ రాసి, కింద సంతకం చేయండి. నోటిమాట అంగీకరించను. జవాబును ఆయన భార్య పేరిట పంపండి. నేను వెళ్లి చదివి వినిపిస్తాను.