హెర్తా మీద ఫిర్యాదు

యుద్ధం రోజుల్లో హాలీవుడ్ సినిమాకు నాజీ జైలరమ్మ కావలసి వస్తే హెర్తా లిండోకే కబురు వచ్చేది. జర్మనీ నుంచి ప్రాణాలు దక్కించుకుని పారిపోయి వచ్చినవాళ్ళకే, వాళ్ళను తరిమినవాళ్ళ వేషాలు! ఆ యాస ఇంకెవరికీ పలకదట. జర్మనీలో బ్రెస్లావ్ ఊరి నాటకశాలలో రాణి వేషాలు కట్టిన మనిషికి ఇక్కడ దక్కింది నాలుగు అరుపులు, ఒక చెంపదెబ్బ. వియన్నా నుంచి చాలా ముందే వచ్చి అమెరికా పౌరురాలినైపోయిన నేను స్టూడియోలో ఆమెకు జుట్టు దువ్వేదాన్ని. ఆ వేషాలు చూస్తే నాకు ఒళ్ళు మండేది.

ఆమె మాత్రం అద్దంలో చూసుకుని, "ఇంకా బిగించవే, దయ కనబడుతోంది" అనేది.

బ్రెస్లావ్‌లో వాళ్ళమ్మ ఉండిపోయిందని నాకు తెలుసు. ఆ మాటెత్తితే చాలు, హెర్తా మళ్ళీ జుట్టు సంగతికి వచ్చేది.

అంత బాగా నటించడమే ఆమె కొంప ముంచింది. ఎదురింటి డెల్లా ప్రూయిట్ కొడుకు ఇటలీలో జర్మన్ల మీద యుద్ధం చేస్తున్నాడు. వీధి చివర థియేటర్లో, పిల్లల్ని నేలమాళిగలో వేసి తాళం బిగిస్తున్న హెర్తాను చూసింది ఆవిడ. మర్నాడు మాంసం కొట్టు దగ్గర అందరి ముందూ అనేసింది.

"వేషమంటే అంత నిజంగా ఉంటుందా? లోపల లేనిది కళ్ళలోకి ఎలా వస్తుందండీ?"

పైగా హెర్తా తలుపులు వేసుకుని జర్మన్‌లో అరుస్తూ సాధన చేసేది. ఇంకేం కావాలి? ఎదురింటి కిటికీలో ఎప్పుడు చూసినా ఓ ముఖం.

జర్మనీలో పుట్టినవాళ్ళంతా అప్పుడు కాగితాల మీద శత్రువులే. పౌరసత్వం రాకపోతే ఏ రోజైనా తీసుకెళ్ళి నిర్బంధ శిబిరంలో పడేయొచ్చు. హెర్తా దరఖాస్తు ఏళ్ళ తరబడి నానింది. చివరికి కోర్టు నుంచి పిలుపు వచ్చింది. దాని వెనకే ఇంకో కబురు, ఎదురింటావిడ ఫిర్యాదు పెట్టిందనీ, ఆవిణ్ణి కూడా పిలిచారనీ.

"ఏం చూసిందే ఆవిడ?" అంది హెర్తా పాలిపోయి.

"చూడ్డానికి నువ్వేం చేశావు?" అన్నాను.

అని నాలుక కరుచుకున్నాను. నిజం చెప్పొద్దూ, ఆ వేషాలు చూసి చూసి నాకూ ఒక్కోసారి వెన్ను జలదరించేది.

"నువ్వు కూడానా?" అంది.

కోర్టులో సాక్షులం నేనూ, ఆమె ఇంటి యజమానీ. మా మాటలు జడ్జి విన్నాడు గానీ ఆయన చూపంతా ఫిర్యాదు మీదే ఉంది. డెల్లా మంచి టోపీ పెట్టుకుని వచ్చింది. ఇక అయిపోయిందనుకున్నాను.

"ఈమె మీద అనుమానమని రాసింది మీరేనా అమ్మా?" అన్నాడు జడ్జి.

"నేనేనయ్యా. మా వాడు అక్కడ వాళ్ళ తుపాకులకి ఎదురుగా ఉన్నాడు. ఎదురింట్లో జర్మన్ అరుపులు వినబడితే ఊరుకుంటానా? అప్పట్నుంచీ కనిపెడుతూనే ఉన్నా."

"ఏం కనిపెట్టారు?"

డెల్లా హెర్తా వైపు చూడలేదు.

"ఇంటికెవరూ రారు. స్టూడియోకి పోతే చీకటిపడేలోపు వచ్చేస్తుంది. పని లేని రోజు మాత్రం పోస్ట్‌మన్ వచ్చే వేళకి గేటు పట్టుకుని నిలబడుతుంది. ఏం లేదని అతను చెయ్యి ఊపి పోతాడు. అప్పుడు మెట్టు మీద కూలబడి, చప్పుడు బయటికి రాకుండా ఆప్రన్ నోట్లో కుక్కుకుని ఏడుస్తుంది. అది నటన కాదయ్యా. మా వాడి ఉత్తరం రాని రోజు నేనూ అలాగే ఏడుస్తా."

"అయితే ఫిర్యాదు వెనక్కి తీసుకుంటారా?"

"అనుమానం పోలేదయ్యా. ఆ సినిమా గుర్తొస్తే ఇప్పటికీ నాకు నిద్ర పట్టదు. కానీ చూడంది చూశానని చెప్పను. నేను చూసింది ఇదే."

జడ్జి పౌరసత్వం కాగితం మీద సంతకం చేశాడు. ప్రమాణానికి కుడిచెయ్యి ఎత్తమన్నాడు. కెమెరా ముందు ఏనాడూ కన్నీరు పెట్టని హెర్తా రెండు చేతులతోనూ ముఖం కప్పుకుంది.

"ఉత్తరం కోసం అలా ఏడ్చేది నేనొక్కదాన్నే అనుకున్నానే..." అంది.

జడ్జి కలం కింద పెట్టి, ఆమె చెయ్యి ఎత్తేదాకా ఆగాడు.